తీర్పు గెలిచాక అసలు కథ: అధికారులపై కోర్టు ధిక్కరణ కేసు మనకు ఎంతవరకు పనికొస్తుంది?

ఫిల్మ్‌నగర్ స్టూడియోల్లో తీసిన కోర్టు సీన్లు మనందరికీ కంఠతా వచ్చు. లాయరు గొంతు చించుకుంటాడు, జడ్జి బల్ల మీద సుత్తి కొడతాడు, తీర్పు చదువుతాడు, విలన్ తల దించుకుంటాడు. శుభం కార్డు పడుతుంది. నిజం కోర్టుల్లో ఆ సుత్తీ ఉండదు, ఆ శుభం కార్డూ ఉండదు. పేదల భూమి కేసుల్లో తీర్పు వచ్చిన రోజు ఇంటర్వెల్ మాత్రమే.

ఆ స్టూడియోలు, ఫిల్మ్ చాంబర్ ఉన్న గుట్టల మీదే జ్ఞానీ జైల్‌సింగ్ నగర్ లాంటి బస్తీలున్నాయి. కాస్త ఆవల, జూబ్లీహిల్స్‌లోనే ఐఏఎస్, ఐపీఎస్ అధికారుల ప్రశాసన్ నగర్ ఉంది. ఆర్డర్ అమలు చేయాల్సినవాళ్లు, ఆ ఆర్డర్ కోసం ఎదురుచూసేవాళ్లు ఒకే గుట్టకు అటూ ఇటూ ఉంటారు. కిలోమీటర్లలో ఆ దూరం చాలా తక్కువ. ఆఫీసుల చుట్టూ తిరిగిన లెక్కన చూస్తే చాలా ఎక్కువ. హైకోర్టు రాసిన కాగితం ఆ దూరం దాటి అమలు కాకపోతే ఏం చేయాలి? చట్టం చూపించే దారి కోర్టు ధిక్కరణ కేసు. ఆ దారి ఎక్కడిదాకా వెళ్తుందో, ఎక్కడ ఆగిపోతుందో తెలుసుకోవడానికి గుంటూరు నుంచి మొదలుపెడదాం.

గుంటూరు గుడిసెలు, పదకొండేళ్ల కేసు

గుంటూరు జిల్లాలో గుడిసెలు వేసుకుని ఉంటున్న పేదలు తమను ఖాళీ చేయించకుండా ఆపాలని హైకోర్టుకు వెళ్లారు. 2013 డిసెంబర్‌లో హైకోర్టు వాళ్ల పక్షాన ఆదేశాలిచ్చింది. అయినా 2014 జనవరిలో అప్పటి తహసీల్దార్ తాతా మోహన్‌రావు పోలీసులను వెంటబెట్టుకుని వెళ్లి గుడిసెలు తీయించారు. బాధితులు ధిక్కరణ పిటిషన్ వేశారు. సింగిల్ జడ్జి ఆయనకు రెండు నెలల జైలు శిక్ష వేశారు. డివిజన్ బెంచ్ దాన్ని సమర్థించింది. ఆయన సుప్రీంకోర్టుకు వెళ్లారు. ఈ మధ్యలోనే ఆయన డిప్యూటీ కలెక్టర్‌గా పదోన్నతి కూడా పొందారు.

2025 మే 9న జస్టిస్ బి.ఆర్. గవాయ్, జస్టిస్ ఏ.జి. మసీహ్ ధర్మాసనం తీర్పు చెప్పింది. ధిక్కరణ జరిగిందని ఖాయం చేసింది. జైలు శిక్షను మాత్రం తీసేసి, ఆయన్ను మళ్లీ తహసీల్దార్ హోదాకు దించాలని ఆదేశించింది. లక్ష రూపాయల జరిమానా వేసింది. అయిదు రోజుల తర్వాత జస్టిస్ గవాయ్ భారత ప్రధాన న్యాయమూర్తి అయ్యారు. కె.జి. బాలకృష్ణన్ తర్వాత ఆ పదవిలోకి వచ్చిన రెండో దళితుడు ఆయనే.

1971 నాటి ధిక్కరణ చట్టంలో హోదా తగ్గింపు అనే శిక్ష ఎక్కడా కనిపించదు. రాజ్యాంగం సుప్రీంకోర్టుకు ఇచ్చిన విస్తృత అధికారాల వల్లే అది సాధ్యమైంది. గుడిసెలు తీసిన అధికారి పదకొండేళ్ల తర్వాతైనా జవాబు చెప్పాల్సి వచ్చిందన్నది ఈ తీర్పులో మనం గట్టిగా పట్టుకోవాల్సిన అంశం.

దీనికి రెండో వైపు కూడా ఉంది. జైలుకు పంపితే ఉద్యోగం పోయి ఆయన కుటుంబం ఇబ్బంది పడుతుందని కోర్టు శిక్షను తగ్గించింది. ఆ కనికరాన్ని తప్పు పట్టడం లేదు. కానీ 2014 జనవరి చలిలో గుడిసె పోగొట్టుకున్న కుటుంబాల పిల్లలు ఈపాటికి పెద్దవాళ్లయి ఉంటారు. అధికారికి శిక్ష పడటం వేరు, కూలిన గుడిసె తిరిగి లేవడం వేరు. ధిక్కరణ కేసు మొదటిదాన్ని సాధించగలదు. రెండోది దానంతట అది రాదు. ఈ తేడా తెలియకుండా ధిక్కరణ కేసు మీద ఆశ పెట్టుకుంటే మోసపోతాం.

చట్టం ఏం చెబుతోంది?

కోర్టు ధిక్కరణల చట్టం, 1971 రెండు రకాల ధిక్కరణ గురించి చెబుతుంది. కోర్టును కించపరచడం, న్యాయ ప్రక్రియకు అడ్డుపడటం క్రిమినల్ ధిక్కరణ. కోర్టు తీర్పును, ఆదేశాన్ని, రిట్‌ను ఉద్దేశపూర్వకంగా అమలు చేయకపోవడం, లేదా కోర్టుకు ఇచ్చిన హామీని ఉద్దేశపూర్వకంగా తప్పడం సివిల్ ధిక్కరణ. అధికారులపై మనం వేసే కేసులు దాదాపు అన్నీ ఈ రెండో రకానివే. క్రిమినల్ ధిక్కరణ పిటిషన్ వేయాలంటే అడ్వొకేట్ జనరల్ అనుమతి కావాలి. సివిల్ ధిక్కరణకు ఆ అనుమతి అక్కర్లేదు.

హైకోర్టుకు ఈ అధికారం ఈ చట్టంతోనే రాలేదు. రాజ్యాంగంలోని 215వ అధికరణ హైకోర్టుకు, 129వ అధికరణ సుప్రీంకోర్టుకు తమ ధిక్కరణను శిక్షించే అధికారం ఇస్తున్నాయి. చట్టం దానికి పద్ధతినీ పరిమితులనూ పెట్టింది. శిక్ష ఆరు నెలల వరకు సాధారణ జైలు, లేదా 2,000 రూపాయల వరకు జరిమానా, లేదా రెండూ. సివిల్ ధిక్కరణలో జరిమానాతో సరిపోతుందనుకుంటే కోర్టు అక్కడితో ఆగాలి, అది చాలదనుకున్నప్పుడే జైలు. నిందితుడు క్షమాపణ చెప్పి, అది మనస్ఫూర్తిగా చెప్పిందేనని కోర్టుకు నమ్మకం కుదిరితే వదిలేయవచ్చు, శిక్ష తగ్గించవచ్చు. 2,000 రూపాయలు ఈ రోజు ఒక ఐఏఎస్ అధికారికి ఎంతపాటి డబ్బో చెప్పనక్కర్లేదు. అందుకే ఈ కేసుల్లో అధికారిని కదిలించేది జరిమానా భయం కాదు. సర్వీసు రికార్డులో మచ్చ, కోర్టు హాల్లో నిలబడాల్సి రావడం, మర్నాటి పేపర్లో పేరు పడటం.

అన్నిటికంటే ముఖ్యమైన గడువు 20వ సెక్షన్‌లో ఉంది. ధిక్కరణ జరిగిందంటున్న రోజు నుంచి ఏడాదిలోపు పిటిషన్ వేయాలి. ఏడాదిలోపు వేస్తే చాలు, తర్వాత విచారణ ఎన్నాళ్లు సాగినా ఫరవాలేదని 2001లో పల్లవ్ సేఠ్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. మా భూమి ఇంకా మా చేతికి రాలేదు, కాబట్టి ధిక్కరణ ఇంకా కొనసాగుతూనే ఉంది అనే వాదన ప్రతిసారీ నిలబడదు. 2024 జులైలో, తెలంగాణ నుంచి వెళ్లిన ఎస్. తిరుపతిరావు కేసులో సుప్రీంకోర్టు ఈ గడువును కచ్చితంగా లెక్కగట్టింది. తప్పు ఒక రోజు జరిగి దాని నష్టం మాత్రం కొనసాగుతుంటే, దాన్ని కొనసాగుతున్న తప్పుగా చూడలేమంది. కలెక్టర్ గారు చూస్తామన్నారు, ఎమ్మెల్యే గారు మాట్లాడతామన్నారు అని ఆగుతూ పోతే, కేసు గెలిచి కూడా గడువు దగ్గర ఓడిపోతాం.

ఆర్డర్‌లోని ఒక్క మాట

ధిక్కరణ కేసులు చాలావరకు అసలు ఆర్డర్ రాసిన రోజే గెలుస్తాయి, లేదా ఓడిపోతాయి. ఎందుకంటే ధిక్కరణ కోర్టు ఆర్డర్‌లో ఉన్నదానికి మించి ఏమీ కలపలేదు. 2002లో ఝరేశ్వర్ ప్రసాద్ పాల్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది ఇదే. ఆర్డర్‌లో లేని హక్కును ధిక్కరణ పిటిషన్‌లో అడిగితే రాదు.

ఒక ఉదాహరణ ఊహించండి. ఫిల్మ్‌నగర్ బస్తీలో ఒక కుటుంబం ప్రభుత్వ స్థలంలో ఏళ్లుగా ఉంటోంది. 2014లో వచ్చిన జీవో 58 కింద 125 గజాల లోపు ఇంటి స్థలాన్ని ఉచితంగా క్రమబద్ధీకరించమని దరఖాస్తు పెట్టింది. షేక్‌పేట తహసీల్దార్ ఆఫీసు నుంచి జవాబు లేదు. హైకోర్టుకు వెళ్తే మూడు రకాల ఆర్డర్లు రావచ్చు.

ఒకటి, దరఖాస్తును ఎనిమిది వారాల్లో పరిశీలించి నిర్ణయం తీసుకోండి అనేది. వినడానికి గెలిచినట్టే ఉంటుంది. తహసీల్దార్ ఏడో వారంలో దరఖాస్తు తిరస్కరిస్తూ ఒక పేజీ కాగితం ఇస్తే ఆర్డర్ అమలైనట్టే. ఇక ధిక్కరణ లేదు. ఆ తిరస్కరణ మీద మళ్లీ కొత్త రిట్ వేసుకోవాలి.

రెండు, చట్టప్రకారం తప్ప ఖాళీ చేయించవద్దు అనేది. అధికారి 1905 నాటి భూ ఆక్రమణల చట్టం కింద 7వ సెక్షన్ నోటీసు ఇచ్చి, వివరణ తీసుకుని, 6వ సెక్షన్ కింద ఖాళీ చేయిస్తే ఆర్డర్‌ను ఉల్లంఘించినట్టు కాదు. నోటీసు లేకుండా బుల్డోజర్ తెస్తే మాత్రం ధిక్కరణే.

మూడు, ఫలానా తేదీలోపు ఫలానా పని చేయండి అనే సూటి ఆదేశం. ధిక్కరణ కేసుకు పూర్తి బలం దీనితోనే వస్తుంది.

అందుకే రిట్ వేసేటప్పుడే లాయరుతో కూర్చుని, చివర అడిగే ఉపశమనం ఏమిటో మనం చదవాలి. ఎవరు, ఏం చేయాలి, ఎప్పటిలోపు, ఈ మూడూ ఉన్నాయా అని అడగాలి. కేసు త్వరగా తేలిపోతుందని పరిశీలించండి అన్న మాటకు ఒప్పుకునే ముందు ఆలోచించాలి.

అధికారుల దగ్గర మరో సిద్ధమైన జవాబు ఉంటుంది. అప్పీల్ వేశాం అంటారు. అప్పీల్ వేసినంత మాత్రాన ఆర్డర్ ఆగిపోదు. పై కోర్టు స్టే ఇస్తేనే ఆగుతుంది. స్టే కాపీ చూపించమని అడగడం మన హక్కు.

శిక్షలు పడతాయి, కరుగుతాయి

అధికారులకు శిక్షలే పడవనడం నిజం కాదు. 2006లో సుప్రీంకోర్టు అటవీ కేసులో మహారాష్ట్ర మంత్రి స్వరూప్ సింగ్ నాయక్‌కు, ముఖ్య కార్యదర్శి అశోక్ ఖోత్‌కు నెల రోజుల జైలు శిక్ష వేసింది. మన దగ్గర 2021 సెప్టెంబర్ 2న ఆంధ్రప్రదేశ్ హైకోర్టులో జస్టిస్ బట్టు దేవానంద్ అయిదుగురు ఐఏఎస్ అధికారులకు జైలు శిక్ష వేశారు. నెల్లూరు జిల్లాలో ఒక మహిళా రైతు భూమి తీసుకున్నారు, పరిహారం ఇవ్వలేదు. మూడు నెలల్లో ఇవ్వమని 2017లో హైకోర్టు చెప్పింది. డబ్బు చేతికి వచ్చింది 2021లో, అదీ ధిక్కరణ కేసు వేశాకే. అప్పీల్‌కు వీలుగా శిక్ష అమలును కోర్టు నెల రోజులు ఆపింది.

ఈ కేసులో రెండు పాఠాలున్నాయి. శిక్ష దాకా వెళ్లినా జైలు గేటు దాకా వెళ్లడం అరుదు. కానీ నాలుగేళ్లు కదలని పరిహారం ధిక్కరణ కేసుతో కదిలింది. ఫారం-1 నోటీసు అందుకుని ఫలానా తేదీన స్వయంగా హాజరు కావాలని చూసిన మరుక్షణం ఏళ్లుగా కనిపించని ఫైలు కనిపిస్తుంది. వాయిదాకు రెండు రోజుల ముందు ఆర్డర్ అమలవుతుంది. వాయిదా రోజు బేషరతు క్షమాపణతో అఫిడవిట్ వస్తుంది, కేసు మూసేస్తారు. ధిక్కరణ చట్టం పేదలకు నిజంగా ఉపయోగపడేది ఎక్కువగా ఇలాగే.

2022 మార్చి 31 నాటి ఆదేశం గురించి మనలో చాలామందికి గుర్తుండే ఉంటుంది. ప్రభుత్వ బడుల ఆవరణల్లో గ్రామ సచివాలయాలు, రైతు భరోసా కేంద్రాలు పెట్టవద్దన్న ఆదేశాలను పాటించలేదని ఎనిమిది మంది ఐఏఎస్‌లకు అదే న్యాయమూర్తి రెండు వారాల జైలు శిక్ష వేశారు. వాళ్లు క్షమాపణ కోరడంతో శిక్ష మారింది. ఏడాది పాటు నెలకోసారి సంక్షేమ హాస్టల్‌కు వెళ్లి పిల్లలతో గడపాలి, వాళ్ల భోజనం ఖర్చు భరించాలి అన్నారు. ఆ ఆదేశాన్ని మెచ్చుకున్నవాళ్లున్నారు. హాస్టల్ అన్నం ఎలా ఉంటుందో అధికారులకు తెలియాల్సిందే. కానీ ఆ హాస్టళ్లలో చదివి వచ్చినవాళ్లం ఇంకో మాట కూడా అడగాలి. మన పిల్లల దగ్గరికి వెళ్లడం ఒక అధికారికి శిక్ష ఎలా అయింది? అది మామూలు రోజుల్లో వాళ్ల డ్యూటీలో ఎందుకు లేకుండా పోయింది?

ఇక ప్రభుత్వం ఈ కేసులను ఎలా చూస్తుందో చెప్పడానికి ఒక జీవో చాలు. 2021 జూన్ 7న తెలంగాణ ప్రభుత్వం జీవో 208 ఇచ్చి ధిక్కరణ కేసుల పేరుతో 58.95 కోట్ల రూపాయలు మంజూరు చేసింది. ప్రజల డబ్బుతో అధికారులను కాపాడతారా అని పిల్ పడింది. ఆ ఏడాది ఆగస్టులో హైకోర్టు ఆ నిధుల విడుదలను ఆపింది. అది లాయర్ల ఫీజులకు కాదు, ధిక్కరణ కేసుల్లో ఉన్న భూసేకరణ పరిహారాలు చెల్లించడానికి అని ప్రభుత్వం చెప్పింది. ఆ వివరణను యథాతథంగా తీసుకున్నా ఒక విషయం ఒప్పుకున్నట్టే. ధిక్కరణ కేసు పడేదాకా పరిహారం ఇవ్వకపోవడం ఒక పద్ధతిగా మారింది.

బుల్డోజర్ తీర్పు ఇచ్చిన కొత్త పట్టు

2024 నవంబర్ 13న జస్టిస్ గవాయ్, జస్టిస్ కె.వి. విశ్వనాథన్ ధర్మాసనం కూల్చివేతలపై దేశమంతటికీ వర్తించే నిబంధనలు పెట్టింది. కూల్చే ముందు కనీసం 15 రోజుల నోటీసు రిజిస్టర్డ్ పోస్టులో పంపాలి, గోడకు అంటించాలి, కలెక్టర్ ఆఫీసుకు తెలపాలి. ఇంటివాళ్ల వాదన వినాలి. ఆర్డర్ ఇచ్చాక మళ్లీ 15 రోజులు ఆగాలి. కూల్చివేతను వీడియో తీయాలి. ఈ నిబంధనలు దాటిన అధికారులపై ధిక్కరణ చర్యలు ఉంటాయని, కూలిన కట్టడాన్ని తిరిగి కట్టే ఖర్చు వాళ్ల జేబులోంచే కట్టాలని కూడా చెప్పింది. గుంటూరు కేసులో కనిపించిన ఖాళీని ఇది కొంత పూడుస్తుంది.

అయితే ఇందులో మినహాయింపులున్నాయి. రోడ్డు, వీధి, ఫుట్‌పాత్, రైల్వే లైను పక్కన, నది, చెరువుల దగ్గర అక్రమ కట్టడాలకు ఈ రక్షణ వర్తించదు. కోర్టే కూల్చమన్న చోటా వర్తించదు. ఊరు చోటివ్వని మనుషులు గుడిసె వేసుకునేది ఎక్కడ? చాలాసార్లు చెరువు గట్టునో, పట్టాల పక్కనో. అంటే తీర్పు ఇచ్చిన గొడుగు కిందికి రాకుండా మిగిలిపోయేవాళ్లలో మనవాళ్లే ఎక్కువ ఉండే ప్రమాదం ఉంది. అలాంటి చోట్ల పునరావాసం, విచారణ హక్కు అడుగుతూ విడిగా రిట్ వేయడం తప్పదు.

కూల్చివేతలకు సెలవు రోజును ఎంచుకోవడం మరో పాత ఎత్తు. 2024 సెప్టెంబర్ 30న తెలంగాణ హైకోర్టులో జస్టిస్ కె. లక్ష్మణ్ అమీన్‌పూర్ కూల్చివేతల విషయంలో హైడ్రాను, స్థానిక తహసీల్దార్‌ను ఆదివారం ఎందుకు కూల్చారని నిలదీశారు. ఆదివారం కోర్టు మూసి ఉంటుందనుకుని చేతులు కట్టుకు కూర్చోవద్దు. అత్యవసరమైతే జడ్జి ఇంటి దగ్గరే విచారించే హౌస్ మోషన్, అదే రోజు మధ్యాహ్నం వినే లంచ్ మోషన్ ఉన్నాయి.

ఆర్డర్ చేతికి వచ్చిన రోజు నుంచి ఏం చేయాలి?

మొదట సర్టిఫైడ్ కాపీ తీసుకోండి. లాయరు ఫోన్‌లో చెప్పిన మాట, వాట్సాప్‌లో వచ్చిన ఫొటో సరిపోవు.

ఆ కాపీని ఒక కవరింగ్ లెటర్‌తో తహసీల్దార్, ఆర్డీవో, కలెక్టర్, ఇంకా ఆర్డర్‌లో ఎవరి పేరుంటే వాళ్లందరికీ అందజేయండి. ఇన్‌వార్డ్ ముద్ర వేయించుకోండి. తీసుకోకపోతే స్పీడ్ పోస్టులో పంపి అక్నాలెడ్జ్‌మెంట్ దాచండి. నాకు ఆర్డర్ అందలేదు అన్న ఒక్క మాటతో ఉద్దేశపూర్వకం అన్న మాట కూలిపోతుంది.

గడువు లెక్క రాసుకోండి. ఆర్డర్ అందిన తేదీ నుంచి ఎనిమిది వారాలు అని ఉంటే, ఆ ఎనిమిది వారాలు ముగిసిన మర్నాటి నుంచి మీ ఏడాది మొదలవుతుంది. బస్తీ కమిటీ ఆఫీసు గోడ మీద ఆ తేదీ రాసి పెట్టండి.

గడువు దాటాక ఒక లీగల్ నోటీసు ఇవ్వడం మంచిది. అప్పుడు ఎవరు ఆ కుర్చీలో ఉన్నారో పేరుతో సహా రాసుకోండి. ధిక్కరణ కేసు హోదా మీద కాకుండా మనిషి మీద నడుస్తుంది. తహసీల్దార్ బదిలీ అయితే కొత్తగా వచ్చినవారికి కూడా ఆర్డర్ కాపీ మళ్లీ ఇవ్వండి.

ఉల్లంఘన జరిగిన రోజు తేదీ, సమయం తెలిసేలా ఫొటోలు, వీడియోలు తీయండి. వచ్చిన అధికారుల పేర్లు, బండ్ల నంబర్లు రాయండి. సాక్షుల సంతకాలు తీసుకోండి. స్టేషన్‌లో ఫిర్యాదు ఇచ్చి రసీదు అడగండి.

డబ్బు లేదని ఆగవద్దు. లీగల్ సర్వీసెస్ అథారిటీల చట్టం, 1987లోని 12వ సెక్షన్ ప్రకారం ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచిత న్యాయ సహాయం అందాలి. హైకోర్టులోనే దానికి కమిటీ ఉంది.

మీ ఆర్డర్ కింది కోర్టు ఇచ్చిన ఇంజంక్షన్ అయితే ముందుగా సివిల్ ప్రొసీజర్ కోడ్‌లోని ఆర్డర్ 39 రూల్ 2ఏ కింద అదే కోర్టులో వెళ్లే దారి ఉంది.

ధిక్కరణ ఒక్కటే దారి కాదు

ధిక్కరణ అనేది కోర్టుకూ, ధిక్కరించినవారికీ మధ్య వ్యవహారం అని న్యాయమూర్తులు తరచూ గుర్తుచేస్తారు. మనం సమాచారం ఇచ్చేవాళ్లం మాత్రమే. అందుకే శిక్ష పడితే అధికారికి 19వ సెక్షన్ కింద అప్పీల్ హక్కు ఉంది. మన పిటిషన్ కొట్టేస్తే ఆ సెక్షన్ కింద మనకు అప్పీల్ లేదు, సుప్రీంకోర్టుకే వెళ్లాలి. 2006లో మిడ్నపూర్ పీపుల్స్ కోఆపరేటివ్ బ్యాంకు కేసులో ఇది స్పష్టమైంది. పైగా 2024 జనవరి 3న సుప్రీంకోర్టు అధికారులను ప్రతిదానికీ కోర్టుకు పిలిపించవద్దని, వీలైనంతవరకు వీడియో ద్వారానే హాజరు కానివ్వాలని మార్గదర్శకాలు ఇచ్చింది. అధికారి స్వయంగా వచ్చి నిలబడాలన్న ఒత్తిడి ఇక ముందంత తేలిక కాదు.

కాబట్టి మిగతా ఆయుధాలు కూడా పక్కన ఉండాలి. ఎస్సీ, ఎస్టీల భూమి నుంచి అక్రమంగా వెళ్లగొట్టడం, ఆ భూమి మీద హక్కులకు అడ్డుపడటం అత్యాచారాల నిరోధక చట్టంలోని 3(1)(జి) సెక్షన్ కింద నేరం. ఆ చట్టం కింద తన విధిని కావాలని నిర్లక్ష్యం చేసిన ఎస్సీ, ఎస్టీ కాని ప్రభుత్వ ఉద్యోగికి 4వ సెక్షన్ కింద ఆరు నెలల నుంచి ఏడాది వరకు జైలు ఉంది, దానికి ముందు శాఖాపరమైన విచారణ సిఫారసు కావాలి. అసైన్డ్ భూమి అయితే 2004లో మేకల పాండు కేసులో ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ హైకోర్టు విస్తృత ధర్మాసనం ఇచ్చిన తీర్పు గుర్తుపెట్టుకోండి. ప్రభుత్వం అసైన్డ్ భూమి వెనక్కి తీసుకుంటే పట్టా భూమితో సమానంగా మార్కెట్ విలువ ఇవ్వాలని అది చెప్పింది. 338వ అధికరణ కింద జాతీయ ఎస్సీ కమిషన్‌కు అధికారులను పిలిపించి విచారించే అధికారం ఉంది.

అంబేడ్కర్ రాజ్యాంగ సభలో 32వ అధికరణను రాజ్యాంగానికి ప్రాణం లాంటిదన్నారు. హక్కు పోతే కోర్టుకు వెళ్లగలగడమే ఆ ప్రాణం. రాజ్యాంగం ఎంత మంచిదైనా దాన్ని నడిపేవాళ్లు మంచివాళ్లు కాకపోతే చెడ్డదిగానే మిగులుతుందని 1949 నవంబర్ 25న ఆయనే హెచ్చరించారు. కోర్టుకు వెళ్లగలగడానికి, అక్కడ గెలిచింది గుమ్మం దాకా రావడానికి మధ్య ఉన్న ఖాళీలోనే ధిక్కరణ చట్టం పనిచేస్తుంది. ఆ ఖాళీని ఒక్క కేసు పూడ్చలేదు. ఇన్‌వార్డ్ ముద్ర వేయించుకునే కుర్రాడు, గోడ మీద తేదీ రాసే బస్తీ కమిటీ, వాయిదా రోజు కోర్టు వరండాలో వచ్చి నిలబడే పదిమంది ఉంటే ఆ కేసుకు బలం వస్తుంది. గుంటూరు పేదలు పదకొండేళ్లు వదల్లేదు కాబట్టే ఆ హోదా దిగింది. మన వంతుగా చేయాల్సింది ఆ పదకొండేళ్లను తర్వాతి కుటుంబానికి పదకొండు నెలలకు తగ్గించడం.